మీకు తెలుసా? తుపాకీ విమానం ఎక్కుతుంది... తూటా మిమ్మల్ని దించేస్తుంది!

సోలాపూర్ వాళ్లకు విమానం ఇంటి దగ్గరికే వచ్చేసింది! 2025 జూన్ 9న హోట్గి రోడ్డు విమానాశ్రయం నుంచి గోవా విమానం మొదలైంది. ఇక సాఖర్ పేట నుంచైనా, కన్నా చౌక్ నుంచైనా ఆటో ఎక్కితే చాలు! అయితే పెట్టె సర్దే ముందు కాస్త ఇటు జరగండి. చెవిలో చెప్పాల్సిన సంగతులు కొన్ని ఉన్నాయి. అన్నీ తుపాకుల సంగతులే!

విమానంలో తుపాకీ తీసుకెళ్లొచ్చు! నిజంగానే! కాకపోతే మీ పక్క సీట్లో కాదు, విమానం అడుగున సామాన్ల అరలో. లైసెన్సు చేతిలో ఉండాలి. కౌంటర్ దగ్గరికి వెళ్లగానే మీ అంతట మీరే చెప్పాలి. తుపాకీ ఖాళీగా ఉందని భద్రతా సిబ్బందికి చూపించాలి. తూటాలు విడిగా కట్టాలి. కాగితాల మీద సంతకాలు పెట్టాలి. దేశీయ విమానాల్లో మామూలు ప్రయాణికుడికి లెక్క ఇదీ: ఒక తుపాకీ, 50 తూటాలు!

ఇప్పుడు అసలు తమాషా వినండి. చెప్పి రైఫిల్ తెచ్చినవాడు హాయిగా విమానం ఎక్కుతాడు. చెప్పకుండా చేతిసంచిలో ఒక్క తూటా తెచ్చినవాడు పోలీస్ స్టేషన్‌కు వెళ్తాడు! తుపాకీ లేకపోయినా సరే! లైసెన్సు లేకుండా తూటా దొరికితే ఆయుధాల చట్టం కింద కేసే. 2019 సవరణ తర్వాత శిక్ష 2 ఏళ్ల నుంచి 5 ఏళ్ల దాకా! చిటికెన వేలంత లోహపు ముక్క కోసం!

‘అయ్యో, అది మా మామయ్య సంచి, లోపల ఏముందో నాకేం తెలుసు?’ అంటారా? ఆ మాటకూ విలువ ఉంది! తన దగ్గర ఉందని తెలిసి ఉంచుకోవడమే నేరం అని సుప్రీంకోర్టు 1972లోనే చెప్పింది. సంచి మూలలో మరిచిపోయిన ఒంటి తూటా కేసులను హైకోర్టులు కొట్టేసిన సందర్భాలున్నాయి. కానీ విమానం మీ కోసం ఆగదు! కోర్టు మెట్లెక్కి, లాయరుకు డబ్బు కట్టి బయటపడటం కన్నా సంచి ఒకసారి బోర్లించి దులుపుకోవడం నయం కదూ!

ఫిలిప్పీన్స్‌లో ఇంకా విడ్డూరం! 2015లో మనీలా విమానాశ్రయంలో ప్రయాణికుల సంచుల్లో వరసగా తూటాలు దొరికాయి. సిబ్బందే తూటా వేసి, డబ్బు గుంజుతున్నారని గగ్గోలు పుట్టింది! జనం హడలిపోయి ఏం చేశారో తెలుసా? పెట్టెలకు ప్లాస్టిక్ చుట్టించుకున్నారు. చుట్ల మీద చుట్లు!

బొమ్మ తుపాకీ అయితే ఫర్వాలేదనుకుంటున్నారా? అస్సలు కాదు! 1971 జనవరి 30న శ్రీనగర్ నుంచి జమ్మూ వెళ్తున్న మన ‘గంగ’ అనే విమానాన్ని ఇద్దరు లాహోర్‌కు మళ్లించారు. వాళ్ల చేతిలో ఉన్నవేమిటి? బొమ్మ పిస్టలు! ఉత్తుత్తి గ్రెనేడు! ప్రయాణికులు ప్రాణాలతో బయటపడ్డారు గానీ విమానాన్ని మాత్రం తగలబెట్టేశారు. ఆ దెబ్బతో పాకిస్తాన్ విమానాలు మన ఆకాశంలోకి రాకూడదని భారత్ దారి మూసేసింది. ఒక ఆటబొమ్మ రెండు దేశాల మధ్య గగనతలాన్నే మూయించింది!

ఇంకోటి వినండి, నమ్మరు! 1978 డిసెంబరు 20న లక్నో నుంచి ఢిల్లీ వెళ్తున్న విమానాన్ని ఇద్దరు యువకులు హైజాక్ చేసి వారణాసిలో దింపించారు. ఇందిరా గాంధీని జైలు నుంచి విడిచిపెట్టాలట! ఆయుధాలేమిటంటారా? బొమ్మ తుపాకులు, గుడ్డ చుట్టిన క్రికెట్ బంతి! ఇక్కడితో అయిపోలేదు. 1980లో ఆ ఇద్దరూ ఎమ్మెల్యేలయ్యారు! కథలో రాస్తే ‘మరీ ఇంతలా కోస్తారా’ అని నవ్వేవాళ్లు. అందుకే ఇప్పుడు పసివాడి చేతిలోని ప్లాస్టిక్ తుపాకీని కూడా తనిఖీ దగ్గర పక్కన పెట్టిస్తారు. వాడు ఏడ్చినా సరే!

అసలు ఒకప్పుడు ప్రయాణికులందరినీ తనిఖీ చేసే పద్ధతే లేదు తెలుసా? అమెరికాలో ప్రతి ఒక్కరినీ, ప్రతి సంచినీ చూడటం 1973 జనవరి 5న మొదలైంది! అంతకుముందు సినిమా హాల్లోకి వెళ్లినట్టు టికెట్ చూపించి వెళ్లిపోయేవాళ్లు.

మన దగ్గర ఖాకీ దుస్తుల సీఐఎస్‌ఎఫ్ జవాన్లు విమానాశ్రయాల్లో ఎప్పటి నుంచో ఉన్నారనుకుంటాం. కాదు! 1999 చివర్లో కాందహార్ హైజాక్ జరిగాకే వచ్చారు. మొదట జైపూర్‌లో, 2000 ఫిబ్రవరి 3న!

మంత్రిగారి వెంట గన్‌మ్యాన్ ఉంటాడు కదా, అతని పిస్టలు? అదీ లోపలికి రాదు! ఎంత పెద్ద నాయకుడి వెంట వచ్చినా మామూలు విమానంలో ఆయుధం అప్పజెప్పాల్సిందే. దిగాక తీసుకోవాల్సిందే. ప్రధానిని కాపాడే ఎస్పీజీకి మాత్రమే లెక్క వేరు. 1985లో పుట్టిన దళం అది! మిగతా నాయకుల గన్‌మ్యాన్లందరికీ గాల్లో ఉన్నంతసేపూ ఖాళీ చేతులే.

సోలాపూర్ నుంచి హైదరాబాద్ సుమారు 300 కిలోమీటర్లు. చుట్టాల పెళ్లికి పొద్దున బయల్దేరితే మధ్యాహ్నం భోజనాలకు అందుకోవచ్చు. కానీ మీ తుపాకీ లైసెన్సు మహారాష్ట్ర వరకే రాసి ఉందనుకోండి... రాష్ట్రం సరిహద్దు దాటిన క్షణం అది చెల్లని కాగితం! రైలైనా, కారైనా, విమానమైనా అంతే! దేశమంతటా చెల్లుతుందని లైసెన్సులో విడిగా ఉండాలి. బంధుత్వాలకు సరిహద్దు లేదు గానీ తుపాకీకి ఉంది సుమండీ!

ఓటు 18 ఏళ్లకు. తుపాకీ లైసెన్సు 21 ఏళ్లకు! మరి మన హైదరాబాద్ అమ్మాయి ఈశా సింగ్ 13 ఏళ్లకే, 2018లో, 10 మీటర్ల ఎయిర్ పిస్టల్‌లో జాతీయ ఛాంపియన్ ఎలా అయింది? ఆ పిస్టల్‌లో మందు ఉండదు, గాలే ఉంటుంది! గుండు 4.5 మిల్లీమీటర్లు. లైసెన్సు అక్కర్లేదు! అలాగని చేతిసంచిలో పెట్టుకోవచ్చా? కుదరదు! గాలి పిస్టలైనా అది వెళ్లాల్సింది విమానం పొట్టలోకే.

ఆ గాలి కథ ఇంకా గమ్మత్తు! ఎయిర్ పిస్టల్ గొట్టంలో గాలిని 200 బార్ల ఒత్తిడి దాకా నింపుతారు. కారు టైరులో ఉండేది రెండు బార్ల పైచిలుకు మాత్రమే! అందుకే విమానం ఎక్కేముందు చాలా విమాన సంస్థలు ఆ గొట్టాన్ని ఖాళీ చేసి తెమ్మంటాయి. తూటా తీయమనడం విన్నాం గానీ గాలి తీసి రమ్మనడం ఎక్కడైనా విన్నామా!

తూటాలకు ఎంత బరువు దాకా అనుమతి? అంతర్జాతీయ నిబంధన ప్రకారం మనిషికి 5 కిలోలు, అదీ డబ్బా బరువుతో కలిపి. ‘నావి 5, మా ఆవిడవి 5, ఒకే పెట్టెలో 10’ అంటే కుదరదు! ఎవరి 5 కిలోలు వాళ్ల పెట్టెలోనే. సామాను బరువులో మొగుడూ పెళ్లాల లెక్క కలుపుతారు గానీ తూటాల్లో కలపరు!

ఇక్కడో చిన్న లెక్క వేద్దాం, సరదాగా ఉంటుంది. హైదరాబాద్ షూటర్ కైనన్ చెనాయ్ పేరు విన్నారా? హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో ట్రాప్ జట్టు బంగారు పతకం సాధించినవారిలో ఒకరు. సొంతంగా కంచు పతకమూ తెచ్చారు. ట్రాప్ అంటే గాల్లోకి ఎగిరే మట్టి పళ్లేలను పేల్చడం. అర్హత పోటీలో 125 పళ్లేలు! ఒక్కోదానికి రెండు సార్లు పేల్చొచ్చు. అంటే 250 తూటాల దాకా! ఒక్కో తూటాలో 24 గ్రాముల సీసపు రవ్వలు. గుణించండి... 6 కిలోలు! వట్టి సీసమే 6 కిలోలు! ఇంకా మందు, గొట్టాలు, డబ్బాలు కలపనే లేదు. ఒక్క అర్హత పోటీకే నిబంధన దాటిపోయింది! అందుకే చాలామంది షూటర్లు తుపాకీని తీసుకెళ్లి, తూటాలు పోటీ జరిగే చోటే కొనుక్కుంటారు.

పతకాల రాణి మను భాకర్‌కూ విమానాశ్రయంలో చుక్కలు కనపడ్డాయి! 2021 ఫిబ్రవరిలో ఢిల్లీ నుంచి భోపాల్‌కు శిక్షణ కోసం వెళ్తోంది. చేతిలో అనుమతి పత్రం ఉంది. అయినా ఆపారు! ఆయుధాలకు 10,200 రూపాయలు కట్టమన్నారని ఆమె అక్కడి నుంచే ట్విట్టర్‌లో రాసింది. క్రీడల మంత్రి కల్పించుకున్నాక గానీ విమానం ఎక్కలేకపోయింది. మూడేళ్లకు పారిస్ ఒలింపిక్స్‌లో అదే అమ్మాయి రెండు పతకాలు కొట్టింది! నిబంధన ఉండాల్సిందే, కాదనను. కానీ కాగితం చూపించినవాళ్లను కాస్త మర్యాదగా పంపిస్తే ఏం పోయింది?

పారిస్‌లో మన మహారాష్ట్ర వాడూ మెరిశాడు! కొల్హాపూర్ జిల్లా కుర్రాడు స్వప్నిల్ కుసాలే, 50 మీటర్ల రైఫిల్‌లో 451.4 పాయింట్లతో కంచు పతకం! అప్పట్లో ఉద్యోగం? సెంట్రల్ రైల్వేలో టికెట్లు తనిఖీ చేయడం! మన సోలాపూర్ స్టేషన్ కూడా ఆ రైల్వే కిందదే.

కత్తి పెట్టుకుని విమానంలో కూర్చోవచ్చా? సిక్కులు కృపాణ్‌తో కూర్చోవచ్చు! మన దేశం లోపల తిరిగే విమానాల్లో మాత్రమే. కొలత పక్కాగా ఉంది. మొత్తం పొడవు 9 అంగుళాలు మించకూడదు, అందులో పదును భాగం 6 అంగుళాలు మించకూడదు. విదేశానికి వెళ్లే విమానంలో ఈ వెసులుబాటు లేదు!

ఇక అమెరికా సంగతి చూడండి, గుండె ఆగినంత పనవుతుంది! 2024లో అక్కడి విమానాశ్రయాల తనిఖీల్లో చేతిసంచుల్లో దొరికిన తుపాకులు 6,678! ఒక్క ఏడాదిలో! వాటిలో దాదాపు 94 శాతం తూటాలు నింపి ఉన్నవే! పట్టుబడ్డవాళ్లలో ఎక్కువమంది చెప్పే జవాబు ఒక్కటే: ‘మర్చిపోయాను!’ మన దగ్గర గొడుగు మర్చిపోతాం, వాళ్లు పిస్టలు మర్చిపోతారు.

అందులో అట్లాంటా మొదటి స్థానం, 440 తుపాకులు. రెండోది ఏదో తెలుసా? మన తెలుగువాళ్లు పేటలు పేటలుగా స్థిరపడ్డ డాలస్! అక్కడ 390! రోజుకు ఒకటి కన్నా ఎక్కువే. అబ్బాయినో అమ్మాయినో చూడటానికి డాలస్ వెళ్లే అమ్మానాన్నలూ, తనిఖీ వరసలో ముందున్నవాడి సంచి తెరిచి పోలీసును పిలిస్తే కంగారు పడకండి. అక్కడ అది మామూలే! జరిమానా మాత్రం మామూలు కాదు, 17 వేల డాలర్లు దాటొచ్చు!

ఆ దేశంలో కొందరు పైలట్ల దగ్గరా పిస్టలు ఉంటుంది! ప్రభుత్వమే శిక్షణ ఇచ్చి ఇస్తుంది. 2008 మార్చి 22న డెన్వర్ నుంచి షార్లెట్ వెళ్తున్న విమానంలో, దిగడానికి కాస్త ముందు, పైలట్ పిస్టలు పొరపాటున పేలింది! కాక్‌పిట్‌లోనే! విమానం పక్క గోడకు చిల్లు పడింది. ఎవరికీ ఏమీ కాలేదు, విమానం క్షేమంగా దిగింది.

తుపాకీ మా ఇంట్లో ఎక్కడిది అంటున్నారా? సరే, ఇంట్లో ఉన్నవాటి సంగతే చెప్తాను. తునికాకు కోసే బీడీ కత్తెర చేతిసంచిలో పెట్టకండి, అడుగు సామాన్లలో వేయండి. అగ్గిపెట్టె, లైటరు రెండింట్లోనూ వద్దు! ఒక్క పుల్లైనా వద్దు! దీపావళికి పిల్లలు పేల్చే రీళ్ల తుపాకీ ఉంది చూశారా, ఆ రీలు కూడా పేలుడు పదార్థమే. అది విమానం దరిదాపులకే రాకూడదు!

చేతిసంచి బరువు 7 కిలోలు. అందులో సోలాపూర్ చద్దరు మడిచి పెట్టుకోండి, ఎవరూ ఏమీ అనరు. కానీ గోవాలో ఉన్న చెల్లెలికి శేంగా చట్నీతో పాటు ఇంట్లో దంచిన కారప్పొడి పొట్లం కూడా పట్టుకెళ్తున్నారా? జాగ్రత్త! కారప్పొడి చేతిసంచిలో నిషేధం! కళ్లల్లో కొడితే అదీ ఆయుధమే మరి. దాన్నీ కౌంటర్ దగ్గరే పెద్ద పెట్టెలో వేసి పంపించాలి. విమానం పొట్టలో ఎవరిదో రైఫిలు, దాని పక్కనే మీ కారప్పొడి!