బేసుబాలు పిచ్చరు: చేతి బలము, చేతికి విశ్రాంతి

హిందూపురము, పెనుకొండ, ధర్మవరము మైదానములలో బౌలరు ఆరు బంతులు వేసి, తరువాతి ఓవరును వేరొకరికి విడుచుట మనము చూచుచునే యున్నాము. అమెరికా వారి బేసుబాలులో అట్లు కాదు. ఆట మొదలిడిన పిచ్చరే అలసిపోవువరకు తన జట్టు పక్షమున విసరవలెను. బంతులు నూరు సమీపించునప్పటికి సాధారణముగా అతనిని తప్పించి రిలీఫ్ పిచ్చరును దింపుదురు. తప్పుకొన్నవాడు ఆ ఆటలో మరల ప్రవేశింపరాదు.

ఈ యేర్పాటు ఏల వలసెనో కుమార్ రాకర్ చరిత్ర తెలుపును. ఇతని మాతామహులు ఆంధ్రప్రదేశమునుండి వలస వెళ్లినవారు. 2019 జూన్‌లో వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయ జట్టున ఇతడు డ్యూక్ జట్టుపై 131 బంతులు విసరి, రిలీఫ్ లేకయే ఆట ముగించెను. ప్రత్యర్థులకు ఒక్క హిట్టైనను దక్కలేదు; స్ట్రైకౌట్లు 19.

2021లో న్యూయార్కు మెట్స్ జట్టువారు ఇతనిని ఎన్నుకొనియు, వైద్యపరీక్ష పిమ్మట ఒప్పందము చేసికొనలేదు. 2022లో టెక్సస్ రేంజర్స్ వారు చేర్చుకొనిరి. 2023లో మోచేతి శస్త్రచికిత్స జరిగెను. దెబ్బతిన్న స్నాయువునకు బదులు దేహమున మరియొకచోటి దానిని అమర్చు ఈ చికిత్స 1974లో మొదలైనది. తుదకు 2024 సెప్టెంబరు 12న ఇతడు మేజర్ లీగులో తొలిమారు బంతి విసరెను.

ఆ 131 బంతులే గాయమునకు కారణమని మేము చెప్పజాలము. కాని చేయి తరుగని నిధి కాదు. అలసినవేళ బంతిని తోడివానికి అందించుట ఓటమి కాదని మన బాలురును, వారికి ఆట నేర్పువారును గ్రహింతురుగాక.