వారము లేని దినము

పంచాంగము పురోహితుని సంచిలో నుండు పుస్తకమని పలువురు తలంతురు. నిజమునకు దానిని ఆచరణమున నడపునది గృహిణి. ఏకాదశి యెన్నడో, అత్తమామల తద్దినము ఏ తిథినాడో, పిల్లవాని జన్మనక్షత్రము ఏ దినమున వచ్చునో జ్ఞాపకముంచుకొనునది మనమే గదా! కావున కాలగణనము మనకు పరాయి విషయము కాదు. ఈ మాసమున మేము లోకమున నెందును లేని యొక దేశపు పంచాంగమును మీకు పరిచయము చేయదలచితిమి.

ఇంగ్లండునందలి ఆక్సుఫర్డు విశ్వవిద్యాలయమున భాషాచార్యుడై యుండిన జె. ఆర్. ఆర్. టోల్కీన్ (1892–1973) ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ అను బృహత్కథను రచించెను. 1955లో వెలువడిన దాని మూడవ సంపుటము చివరనున్న అనుబంధములలో నొకటి కేవలము పంచాంగములకే కేటాయింపబడినది. ఆ కథలో హాబిట్లు అను పొట్టిజాతివారు షైర్ అను సీమలో సేద్యము చేసికొనుచు, విందులన్న ప్రాణమిచ్చుచు నివసింతురు. వారి పంచాంగమే మనకిప్పుడు ప్రస్తుతాంశము.

వారికి మాసములు 12. ప్రతి మాసమునకును సరిగా 30 దినములు. ఇట్లు 360 దినములగును. మిగిలిన 5 దినములను వారు ఏ మాసమునందును చేర్చలేదు. సంవత్సరాదిని నొకటి, సంవత్సరాంతమున నొకటి ‘యూల్’ దినములు. నడివేసవిలో మూడు ‘లైత్’ దినములు. నాలుగేండ్లకొకమారు వచ్చు అధికదినమును గూడ ఆ నడివేసవిలోనే నిలిపి, దానిని విశేషోత్సాహముతో గడుపుదురు. ఏడేండ్లకొకసారి తమ పురాధ్యక్షుని ఎన్నుకొనుటయు ఆ వేసవి సంతలోనే. ఆయనకు పండుగ విందులలో అగ్రాసనము వహించుటకన్న వేఱుపని యంతగా లేదట! లెక్కకు మిగిలిన దినములన్నియు ఉత్సవదినములే యగుట గమనింపదగినది.

మొదట వారికొక చిక్కుండెను. 365 దినములను 7చే భాగించిన నొకటి మిగులును. అందుచే ఒకే తేది ఏటేట వేఱువేఱు వారములలో పడుచుండెను. తీర్చిదిద్దినట్లు బ్రదుకుట కలవాటుపడిన ఆ జాతికి ఇది చిందరవందరగా తోచెను. అంత వారు నడివేసవి మధ్యదినమునకు వారము పేరే లేకుండ జేసిరి, అధికదినమునకును అంతియే. తక్కిన 364 దినములు సరిగా 52 వారములు. నాటినుండి ప్రతి తేదియు ఎన్నటికిని ఒకే వారమున వచ్చుచుండెను. ప్రతి సంవత్సరమును శనివారమున నారంభమై శుక్రవారమున ముగియును. ఉగాది యే వారమున వచ్చునో ఆ వారాధిపతియే సంవత్సరమునకు రాజని మనము పంచాంగశ్రవణమున వినుచుందుము. ఆ లెక్కను హాబిట్లకు ఏటేట శనియే రాజు! పాపము, అచ్చటి సిద్ధాంతులకు క్రొత్తగా చెప్పుటకు ఏమి ఫలము మిగులును?

ఈ యేర్పాటు వలన ఏ మాసమునందును ఒకటవ తేది శుక్రవారము కానేరదు. కావున ఎన్నటికిని జరుగని పనిని గూర్చి ‘ఒకటవ తేది శుక్రవారమునాడు జరుగును’ అని వారు పరిహాసమాడుదురు. పందులెగురుటయు, చెట్లు నడచుటయు ఆనాడేనట! చమత్కారమేమనగా, ఆ కథలోనే చెట్లను పోలిన ఎంట్లు అను జీవులు కదలివచ్చి దుర్మార్గుని కోటను కూల్చుదురు.

కల్పనయే గదా యని టోల్కీన్ లెక్కను విడిచిపెట్టలేదు. తన కథలో చంద్రుడు ఒకచోట ఉదయించుచుండగా, అదే సమయమున మఱియొకచోట అస్తమించుచున్నాడని కనుగొని, వెనుకటి ప్రకరణములను దిద్దుకొనవలసి వచ్చినదని 1944లో ఆయన తన కుమారునకు వ్రాసెను.

ఇది కథలోని వినోదమని త్రోసివేయరాదు. ఇట్టి యుపాయమునే నిజలోకమున ప్రవేశపెట్టుటకు ఒక స్త్రీ బహుకాలము పాటుపడెను. అమెరికా దేశస్థురాలగు ఎలిజబెత్ అకెలిస్ 1930లో ప్రపంచ పంచాంగ సంఘమును స్థాపించెను. ఆమె ప్రచారము చేసిన పద్ధతియందును సంవత్సరాంతమున నొక దినమునకును, అధికదినమునకును వారము పేరు లేదు. 1953లో భారత ప్రభుత్వమే ఈ విషయమును ఐక్యరాజ్యసమితి యెదుట నుంచెను. కాని 1956లో ఆ చర్చ నిరవధికముగా వాయిదా పడెను. ఏడవ దినమున పనిమాని ప్రార్థన సేయు మతస్థులకు వారముల వరుస తెగుట సమ్మతము కాలేదు. కాగితముమీద లెక్క యెంత చక్కగానున్నను, జనుల పూజాదినమును అది కదల్పజాలకపోయెను.

మన పూర్వులు వారముల జోలికి పోలేదు. చాంద్రమానమున 12 మాసములకు సుమారు 354 దినములే యగుటచే, ఏటేట వెనుకబడు 11 దినములను ప్రోగుచేసి, సుమారు 33 నెలలకొకసారి అధికమాసమును కల్పించిరి. ఆ మాసమున వివాహాది శుభకార్యములను మానుమనిరి. దాన జపములకు దానిని వినియోగింపుమనిరి. హాబిట్లు మిగులుకాలమును విందున కిచ్చిరి. మనవారు దైవచింతన కిచ్చిరి. త్రోవలు వేఱైనను ఉభయులును దానిని నిత్యపు పనులనుండి వేఱుచేసిరి. బ్రదుకంతయు లెక్కలో ఇమిడిపోరాదని ఇరువురును గ్రహించినట్లే మాకు తోచుచున్నది.

అయినను మాకొక సందేహము కలదు. నడివేసవి విందులను గూర్చి ఆ అనుబంధమున చదివితిమి గాని, వానికి వంట చేసిన దెవరో అందు కానరాదు. పండుగ పురుషునకు విశ్రాంతి. గృహిణికి రెట్టింపు పని. ఆదివారము బడికిని కచేరికిని సెలవు. పొయ్యికి సెలవు లేదు. అధికమాసమున పెండ్లిండ్లు ఆగును గాని పప్పు రుబ్బుట ఆగదు. వారము పేరు లేని దినము ఎవరికైనను అవసరమైనచో అది మనకే!

కావున సోదరీమణులారా, నెలకొక దినమును అట్లు నిలుపుకొనుడని మేము కోరుచున్నాము. ఆనాడు ఇంటివారు చేతనైనది వండుకొందురు గాక! ఉప్పు తక్కువైనను ఎవరికిని ముప్పు రాదు. గృహిణి తనకు ప్రియమైన గ్రంథమును చదువుకొనవచ్చును; లేదా ఊరక కూర్చుండవచ్చును. దీనికి ఐక్యరాజ్యసమితి యంగీకారము అక్కరలేదు. నట్టింటివారి యంగీకారము చాలును. ‘అది ఒకటవ తేది శుక్రవారమునాడు జరుగును’ అని మీ ఇండ్లలో నెవరైన నవ్విన, ఆ కథలో చెట్లు నడచినవను మాటను వారికి జ్ఞప్తి సేయుడు.