ఒకే దీవి, ఒకే గుడ్డు

2025 మార్చి 20న బార్బడోస్ దీవి నడిమధ్యలోని ఒక అడవిలో, చెట్టు వేరు కింద బిగుసుకుపోయిన రాయిని ఇద్దరు పరిశోధకులు పక్కకు లాగారు. కింద ఒక వానపాము, దాని పక్కనే చూడ్డానికి అలాగే ఉన్న మరో జీవి. ఆ రెండోది పాము. ఇప్పటివరకు తెలిసిన పాములన్నింటిలోకీ చిన్నది. అంతకుముందు దాదాపు 20 ఏళ్లుగా శాస్త్రవేత్తల కంటపడలేదు. ఆ ఇద్దరూ బార్బడోస్ పర్యావరణ శాఖకు చెందిన కానర్ బ్లేడ్స్, రీవైల్డ్ సంస్థకు చెందిన జస్టిన్ స్ప్రింగర్. అప్పటికి ఏడాదికి పైగా దానికోసం వెతుకుతున్నారు.

దీన్ని బార్బడోస్ దారప్పాము అంటారు. అమెరికా జీవశాస్త్రవేత్త బ్లెయిర్ హెడ్జెస్ 2006లో ఆ దీవిలో రాళ్ల కింద దీన్ని పట్టుకుని, 2008లో కొత్త జాతిగా ప్రకటించారు. భార్య కార్లా పేరు కలిసొచ్చేలా ‘కార్లే’ అని నామకరణం చేశారు. నిజానికి ఈ పాములు అంతకు ఎన్నో ఏళ్ల ముందే మ్యూజియం సీసాల్లోకి చేరాయి. కాకపోతే వాటిని మార్టినిక్ దీవి పాములుగా పొరబడ్డారు. పూర్తిగా ఎదిగినా దీని పొడవు 10 సెంటీమీటర్లే. బరువు ఒక గ్రాము కూడా ఉండదు. అమెరికా పావు డాలరు నాణెం మీద ఇది చుట్ట చుట్టుకున్న ఫొటోలో, ఆ చుట్ట చుట్టూ నాణెం అంచు ఇంకా కనిపిస్తూనే ఉంటుంది.

దీని బతుకంతా మట్టిలో, రాళ్ల కింద. తిండి చీమల, చెదల గుడ్లు, పిల్లపురుగులు. చీమల పుట్టలో దూరి తినడమంటే మాటలు కాదు, ఆలస్యమైతే చీమలు మీదపడతాయి. దారప్పాముల కుటుంబానికి పై దవడలో పళ్లుండవు, కింది దవడలోనే ఉంటాయి. అమెరికాలో ఉండే ఒక దారప్పాము తినేటప్పుడు వీడియో తీసి చూసిన నేథన్ క్లే, ఎలిజబెత్ బ్రెయినర్డ్ 1999లో దీని కిటుకు బయటపెట్టారు. కింది దవడ ముందుభాగం రెండు తలుపుల్లా లోపలికీ బయటికీ ఆడుతూ, సెకనుకు మూడుసార్లకు పైగా ఎరను గొంతులోకి లాగేస్తుంది.

ఇంతకంటే చిన్న పాము ఉండే వీలుందా? హెడ్జెస్ జవాబు గుడ్డు దగ్గర మొదలవుతుంది. పెద్ద పాములు డజన్లకొద్దీ గుడ్లు పెడతాయి. అన్నిటికంటే పెద్ద పాముల పిల్లలు తల్లి పొడవులో పదో వంతే ఉంటాయి. దారప్పాము పెట్టేది ఒక్కటే గుడ్డు. అందులోంచి వచ్చే పిల్ల తల్లి పొడవులో సగం ఉంటుంది. ఆ చిన్న కడుపులో రెండు గుడ్లు పట్టాలంటే పిల్లలు మరీ చిన్నవి కావాలి. అంత చిన్న నోటికి సరిపోయే తిండి దొరకక చచ్చిపోతాయి. అందుకే పాము పరిమాణం ఇంతకంటే మరీ తగ్గడం కుదరదన్నది ఆయన అభిప్రాయం.

మార్చిలో ఆ రాయి కింద దొరికిన పామును వెస్టిండీస్ విశ్వవిద్యాలయానికి తీసుకెళ్లి మైక్రోస్కోపు కింద పెట్టినా, అది దారప్పామే అని తేల్చడం తేలిక కాలేదు. అది కుదురుగా ఉండదు. వీడియో తీసి, ఆపి చూస్తే వీపు పొడవునా లేత పసుపు గీతలు, తల పక్కలకు కళ్లు కనిపించాయి. తేల్చుకున్నాక దాన్ని మళ్లీ అడవిలోనే వదిలేశారు. ఇంత తంటా ఎందుకంటే, బార్బడోస్‌లో అచ్చం దీనిలాగే ఉండే పరాయి పాము మరొకటి ఉంది. అది మనకు బాగా తెలిసిన గుడ్డిపాము. తొలకరికి పూలకుండీల కింద, స్నానాల గది మూలల్లో నల్లగా నిగనిగలాడుతూ మెలికలు తిరిగేది అదే. ఈస్టిండియా కంపెనీ కొలువులో విశాఖపట్నంలో పనిచేసిన పాట్రిక్ రస్సెల్, 1796లో అచ్చయిన తన పాముల పుస్తకంలో ‘రెండు తలల పాము’ అన్న తెలుగు పేరుతో దీని బొమ్మ వేయించారు. దాని ఆధారంగానే 1803లో ఫ్రెంచి శాస్త్రవేత్త డోడాన్ దీనికి శాస్త్రీయ నామం పెట్టారు. కుండీల మట్టిలో ఓడలెక్కి ఇది ప్రపంచమంతా పాకింది. ఇందులో అన్నీ ఆడవే. మగ తోడు లేకుండానే గుడ్లు పెడతాయి కాబట్టి, ఒక్క పాము రేవు దాటినా అక్కడ సంతతి మొదలైనట్టే.

దారప్పాముకు ఆ సౌకర్యం లేదు. ఆడకు మగ దొరకాలి, దొరికినా వచ్చేది ఒక్క గుడ్డే. బార్బడోస్ మొత్తం వైశాల్యం 430 చదరపు కిలోమీటర్లు. 1627లో ఇంగ్లీషువాళ్లు స్థిరపడ్డాక అడవిని నరికి చెరకు వేశారు. మొదట ఉన్న అడవిలో 98 శాతం పోయింది. మిగిలింది ముక్కలు ముక్కలుగా ఉంది. పది సెంటీమీటర్ల పాముకు ఆ ముక్కల మధ్యనున్న పొలాలూ రోడ్లూ దాటడం దాదాపు అసాధ్యం. ఒక పాము దొరికిందంటే జాతి బతికి ఉందని మాత్రమే అర్థం. జత కలిసేంత దూరంలో మరొకటి ఉందా అన్నది తేలాలంటే ఇంకా చాలా రాళ్లు ఎత్తి చూడాలి. ఈలోగా మిగిలిన అడవి కూడా పోతే, వెతకడానికి చోటే ఉండదు.