పట్టా భూమిలో క్వారీ: రాయల్టీ బాధ్యత, పెండింగు అప్పీళ్లు

కర్నూలు జిల్లాలో ఆదోని నుంచి రాయచూరు వెళ్లే రైలుమార్గంలో కోసిగి వస్తుంది. చుట్టూ రాతిగుట్టలు, వాన మీద ఆధారపడిన చేలు. ఇక్కడి రైతు ఒకరిని ఊహించుకోండి. సాగుకు పనికిరాని రెండెకరాల రాతినేలను కంకర కోసం ఒక కాంట్రాక్టరుకు నోటిమాట మీద ఇచ్చాడు. రెండేళ్లకు కాంట్రాక్టరు వెళ్లిపోయాడు. గనుల శాఖ నోటీసు మాత్రం పట్టాదారు పేరున వచ్చింది. "రాయి కొట్టింది నేను కాదు, నేనెందుకు కట్టాలి?" అన్నది అతని ప్రశ్న. దీనికి జవాబును దశలవారీగా చూద్దాం.

1. యాజమాన్యం వేరు, అనుమతి వేరు

మలబారు భూముల వివాదంలో (థ్రేసియమ్మ జాకబ్ కేసు, 2013) సుప్రీంకోర్టు, చట్టబద్ధంగా హక్కు తొలగిపోతే తప్ప భూగర్భ ఖనిజం భూయజమానిదేనని చెప్పింది. అంతమాత్రాన ఎవరైనా ఇష్టం వచ్చినట్లు తవ్వుకోవచ్చని కాదు. గనులు, ఖనిజాల చట్టం, 1957లోని 15వ సెక్షను చిన్నతరహా ఖనిజాలపై నియమాలు చేసే అధికారాన్ని రాష్ట్రాలకు ఇచ్చింది. దాని కిందనే ఆంధ్రప్రదేశ్‌లో 1966 నియమాలు వచ్చాయి. ఈ ఖనిజాలపై చెల్లించే రుసుమునే మనం సీనరేజి అంటున్నాం.

2. బాధ్యత ఎవరిది?

లీజు లేదా పర్మిట్ ఉంటే, అది ఎవరి పేరున ఉందో వారే చెల్లించాలి. అనుమతి లేకుండా తవ్వితే 21(5) సెక్షను వర్తిస్తుంది: తీసిన ఖనిజాన్ని, అది అమ్ముడైపోతే దాని ధరను, దాంతోపాటు రాయల్టీని ప్రభుత్వం వసూలు చేయవచ్చు. ఎవరి నుంచి? ఖనిజాన్ని తీసిన వ్యక్తి నుంచి. సెక్షను "భూయజమాని" అనడం లేదని గమనించండి. కాబట్టి పట్టా ఒక్కటే బాధ్యతకు రుజువు కాదు. అయితే సర్వే నంబరు రైతుది, ఒప్పందానికి కాగితం లేదు. తవ్వింది మరొకరని చూపలేకపోతే అతనే తవ్వించాడన్న అనుమానం బలపడుతుంది. రాతపూర్వక ఒప్పందం, బ్యాంకు రసీదులు, అధికారులకు ముందుగా ఇచ్చిన ఫిర్యాదు అతన్ని కాపాడే ఆధారాలు.

3. అప్పీలు వేస్తే వసూలు ఆగుతుందా?

దానంతట అది ఆగదు. సివిల్ ప్రొసీజర్ కోడ్, 1908లోని 41వ ఆర్డరు, 5వ రూలు చెప్పేది ఇదే: అప్పీలు వేసినంత మాత్రాన స్టే వచ్చినట్లు కాదు. శాఖాపరమైన అప్పీళ్లలోనూ స్టే విడిగా కోరడమే క్షేమం. గనుల చట్టం 25వ సెక్షను ప్రకారం బకాయిని భూమిశిస్తు బకాయిలాగా వసూలు చేయవచ్చు. అంటే 1864 నాటి రెవెన్యూ రికవరీ చట్టం కింద భూమి జప్తుకు, వేలానికి రావచ్చు. అందుకే గడువులోగా అప్పీలు, దానితోపాటే స్టే పిటిషన్ వేయాలి. కొలతల్లో తప్పు, నోటీసు అందకపోవడం, తవ్వింది వేరొకరు కావడం వంటి అభ్యంతరాలను అందులో స్పష్టంగా రాయాలి.

4. పెండింగు అంటే మాఫీ కాదు

రాయల్టీ పన్నేనని 1989లో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. 2004లో ఐదుగురి ధర్మాసనం కాదంది. 2011లో ఆ ప్రశ్న తొమ్మిదిమందికి వెళ్లింది. 2024 జులై 25న 8-1 మెజారిటీతో, రాయల్టీ పన్ను కాదని, లీజుదారు ఇచ్చే ప్రతిఫలమని తేలింది. ఖనిజ హక్కులపై రాష్ట్రాలు వేసిన పన్నుల పాత బకాయిలను 2005 ఏప్రిల్ 1 నుంచి వసూలు చేసుకోవచ్చని ఆగస్టు 14న కోర్టు అనుమతించింది. 2024 జులై 25కు ముందు కాలపు డిమాండ్లపై వడ్డీ, జరిమానా రద్దయ్యాయి గాని అసలు పోలేదు.

మీ ప్రగతిని పరీక్షించుకోండి: పై రైతు స్టే కోరకుండా అప్పీలు మాత్రమే వేస్తే ఏమి జరగవచ్చు? ఐదు వాక్యాలలో రాయండి.