చూసే కళ్లు, కప్పే చేతులు

శారయి పెట్టిన శ్రమకు తాళలేక గర్భవతియైన హాగరు అరణ్యానికి పారిపోయింది. నీటిబుగ్గ దగ్గర దేవుని దూత ఆమెను కనుగొని పేరుపెట్టి పిలిచాడు. ఆ చూపు ఆమెను భయపెట్టలేదు, ఆదరించింది. అందుకే ఆమె ఆయనకు తనను చూసే దేవుడని పేరు పెట్టింది (ఆది 16:13).

ఈ రోజుల్లో మనల్ని చూసే కళ్లు పెరిగిపోయాయి. కూడలిలో సీసీ కెమెరా, చేతిలో సెల్‌ఫోన్, రేషన్ దుకాణంలో వేలిముద్ర యంత్రం. వీటిలో కొన్ని మన మేలుకే కావచ్చు. కానీ వాటిలో చేరిన మన వివరాలు ఎవరి చేతికి పోతాయో మనకు తెలియదు. 2018 జూన్‌లో మన రాష్ట్రంలో ‘అన్న సంజీవని’ దుకాణాల్లో మందులు కొన్నవారి పేర్లు, ఫోన్ నంబర్లు, ఏ మందు కొన్నారన్న సంగతి కూడా ప్రభుత్వ వెబ్‌సైట్‌లో అందరికీ కనబడ్డాయి. అనంతపురంలో కొన్నవారి వివరాలూ అందులో ఉన్నాయి. జలుబు మాత్రల సంగతి సరే, పైకి చెప్పుకోలేని జబ్బుకు మందు కొన్నవారి గతేమిటి? అంతకు ముందే, 2017 ఆగస్టు 24న, పుట్టస్వామి కేసులో సుప్రీంకోర్టుకు చెందిన తొమ్మిదిమంది న్యాయమూర్తులు గోప్యత ప్రాథమిక హక్కేనని ఏకగ్రీవంగా తీర్పు చెప్పారు.

బత్తలపల్లె వారికి ఈ హక్కు విలువను ప్రత్యేకంగా వివరించనక్కరలేదు. ఇక్కడి ఆర్‌డీటీ ఆసుపత్రిలో ఈ కరువు సీమకు చెందిన హెచ్‌ఐవీ బాధితులెందరో వైద్యం పొందారు. అలాంటి జబ్బు సంగతి బయటపడితే బిడ్డ పెళ్లి ఆగిపోవచ్చు, కూలిపని పోవచ్చు, అద్దె ఇల్లు ఖాళీ చేయమనవచ్చు. అందుకే 2018 సెప్టెంబరు 10న అమలులోకి వచ్చిన హెచ్‌ఐవీ, ఎయిడ్స్ చట్టం కొన్ని ప్రత్యేక సందర్భాల్లో తప్ప రోగి సమ్మతి లేకుండా ఆ సంగతి వెల్లడించకూడదంటోంది.

ఆసుపత్రిలో చట్టానికి భయపడి నోరు కట్టుకుంటారు. సంఘంలో మన నోటిని ప్రేమే కట్టాలి. ‘ఫలానా సహోదరికి ఫలానా జబ్బు, ప్రార్థించండి’ అన్న మనవి మైకులో వినబడుతుంది, వాట్సాప్‌లో చేరుతుంది. సాయంత్రానికి ఊరంతా తిరుగుతుంది. మరుసటి ఆదివారం ఆ సహోదరి మందిరానికి రాదు.

మరియను అవమానపరచడానికి ఇష్టపడని యోసేపును లేఖనం నీతిమంతుడంది (మత్తయి 1:19). షేము, యాపెతు వెనుకకు నడిచి వెళ్లి తండ్రిని కప్పారు (ఆది 9:23). బేత్సయిదాలో గుడ్డివాణ్ణి యేసుప్రభువు చెయ్యి పట్టుకుని ఊరి వెలుపలికి తీసుకెళ్లి బాగుచేశాడు (మార్కు 8:23). అయితే బలహీనులను హింసించేవాడి పాపాన్ని దాచడం ఇలా కప్పడం కాదు. దాన్ని బయటపెట్టవలసిందే.

ఈ వారం ప్రార్థనకూటంలో ఒకరి పేరు చెప్పేముందు వారిని అడుగుదాం. వద్దంటే మన గదిలోకి వెళ్లి తలుపు వేసుకుని (మత్తయి 6:6) వారికోసం మోకరిద్దాం. పరలోకపు తండ్రికి వారి పేరూ తెలుసు, జబ్బూ తెలుసు.