బండి యెవరిది? ఉత్తరు వెవరిది?

2022 ఏప్రిలు నెలలో వినుకొండనుండి తిరుమలయాత్రకు బయలుదేరిన యొక కుటుంబము రాత్రివేళ భోజనార్థమై ఒంగోలులో కారు నాపుకొనెను. ముఖ్యమంత్రిగారి పర్యటనకు వాహనములు కావలయునని చెప్పి రవాణాశాఖవా రా కారును డ్రైవరుతోఁగూడఁ దీసికొనిపోయిరి. దైవదర్శనమునకుఁ బోవువారు సామానులతో వీథిలో నిలువవలసి వచ్చెను. సంగతి పత్రికల కెక్కఁగనే యిద్దరు సిబ్బందిని సస్పెండు చేసిరి. అంతటితో విషయము సమాప్త మయినదని పెక్కురు తలఁచిరి. చిన్న యుద్యోగులను దండించుట సులభమే. కాని ఏ శాసనము ననుసరించి యా కారును బట్టిరన్న ప్రశ్నకు సస్పెండు ఉత్తరువులో జవాబు దొరకదు.

మన రాజ్యాంగమున ఆస్తిహక్కు మొదట ప్రాథమికహక్కులలో నుండెడిది. 1978 నాఁటి 44వ సవరణముచే దాని నచ్చోటునుండి తొలఁగించి 300ఎ అధికరణముగా వేఱొకచోట నిలిపిరి. స్థానము మాఱినను సారము మిగిలినది. శాసనాధికారము లేనిదే యెవరి ఆస్తిని గాని యపహరింపరాదు. కారును, ట్రాక్టరును, ఎడ్లబండియు ఆస్తియే. కావున కలెక్టరుగాని, తహసీలుదారుగాని, సబిన్‌స్పెక్టరుగాని బండిపై చేయి వేయుటకు ముందు తనకా యధికార మిచ్చిన సెక్షనును జూపవలయును.

అట్టి సెక్షనులు లేకపోలేదు. 1951 నాఁటి ప్రజాప్రాతినిధ్య చట్టపు 160వ సెక్షను ప్రకారము ఎన్నికలకై ప్రభుత్వము వాహనమును రిక్విజిషను చేయవచ్చును. ఏ పనులకు? బ్యాలెట్ పెట్టెలను జేరవేయుటకు, శాంతిరక్షణకుఁ బోలీసులను దరలించుటకు, ఎన్నికల విధులలో నున్నవారిని గొనిపోవుటకు. ఉత్తరువు లిఖితపూర్వకముగా నుండి, యజమాని పేరనో, వాహనము స్వాధీనమం దున్నవాని పేరనో రావలయును. 161వ సెక్షను బాడుగ సంగతి చెప్పుచున్నది. ఆ ప్రాంతమున వాడుకలో నున్న బాడుగరేట్లను బట్టి పరిహార మీయవలయును. చాలదని తోఁచిన యజమాని గడువులోపల నర్జీ పెట్టుకొన్నచో విషయమును మధ్యవర్తికిఁ బంపవలయును. అప్పుపై కొన్న వాహన మయినచో పరిహారమును బంచుకొను విధముకూడ నందు గలదు. అభ్యర్థి న్యాయముగా వాడుకొనుచున్న వాహనమును మాత్రము పోలింగు ముగియువఱకు ముట్టరాదని మినహాయింపు. రైతు ట్రాక్టరునకు పంటకోఁతల కాలములో నట్టి మినహాయింపు లేదు. చట్టము వ్రాసినవారందఱు అభ్యర్థులే గదా!

2005 నాఁటి విపత్తునిర్వహణ చట్టపు 65వ సెక్షను మఱియొక యధికారము. తుపాను వరదల వేళ రక్షణకార్యములకు వాహనములను దీసికొనవచ్చును, 66వ సెక్షను ప్రకారము బాడుగ చెల్లింపవలయును. కృష్ణా గోదావరీ తీరములవా రెవ్వరును దీని నాక్షేపింపరు. మునిఁగిన యూరికి ట్రాక్టరు తోలుట కుత్తరు వడుగువాఁడు మనలో లేఁడు. కాని మంత్రిగారి ఊరేగింపు తుపాను గాదు, పోలింగును గాదు. ఈ రెండు చట్టములలో దేనియందును దానికిఁ దావు లేదు.

ఈ యలవాటు నేఁటిది గాదు. నైజాము తెలంగాణములో దొరలకు, అధికారులకు బండ్లు కట్టుట వెట్టిలో నొక భాగము. యుద్ధకాలమున భారతరక్షణ నిబంధనలలోని 75ఎ నిబంధన స్థావరజంగమము లన్నిటిని రిక్విజిషను చేయు నధికారమును సర్కారున కిచ్చెను. 1942లో జపాను భయముచే వంగదేశ తీరమునఁ బదిమందిని మోయఁగల పడవలను లాగికొనఁగా జాలరుల జీవనము, ధాన్యపు రవాణా యేమయినవో మఱుసటియేఁటి కఱవు చూచినవా రెఱుఁగుదురు. ఆ సంవత్సరము జులైలో వార్ధాలో సమావేశమయిన కాంగ్రెసు కార్యవర్గము పడవలను, వాహనములను దగిన పరిహారము లేక లాగికొనుటను నిరసించినది. నాఁ డా తీర్మానమును మెచ్చుకొన్నవారి వారసులే స్వరాజ్యములో అధికారపీఠముల నెక్కిరి.

ఇఁక నేరము పేరఁ బట్టుకొనుట. ఇది రిక్విజిషను గాదు, దీని దారి వేఱు. రిజిస్ట్రేషను, పర్మిట్ లేక నడచు వాహనమును 1988 నాఁటి మోటారువాహనముల చట్టపు 207వ సెక్షను క్రింద నాపవచ్చును. యజమాని పత్రములు చూపి యర్జీ పెట్టుకొన్నచో పరిశీలించి, తగిన షరతులతో విడుదల చేయవలయును. ఇతర కేసులలోఁ బట్టిన వాహనముల దుర్గతి ప్రతి పోలీసుస్టేషను ఆవరణలోను గనఁబడును: టైర్లు కుళ్ళి, గడ్డి మొలిచి, యింజను భాగములు మాయమై! 2002లో సుందర్‌భాయి అంబాలాల్ దేశాయి కేసులో సుప్రీంకోర్టు దీనినే గర్హించినది. పట్టిన వాహనములను స్టేషనులలోఁ జిరకాల ముంచుట నిష్ప్రయోజనమనియు, మేజిస్ట్రేటు వెంటనే తగిన బాండు, హామీ తీసికొని యుత్తరువు చేయవలయుననియు తీర్పు. 2024 జులై 1న అమలునకు వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితయొక్క 497వ సెక్షను న్యాయస్థానము 14 దినములలో వస్తువుల వివరణ సిద్ధపఱచి, ఫొటోలు తీయించి, పిమ్మట 30 దినములలో వాటి సంగతి తేల్చవలెనని గడువు విధించినది. చట్టమున గడువున్నది, ఆవరణలో గడ్డియు నున్నది.

బియ్యపు లారీ యజమానులు తెలిసికొనవలసిన దొకటి గలదు. 1955 నాఁటి నిత్యావసరవస్తువుల చట్టము క్రింద కలెక్టరు లారీని జప్తు చేయవచ్చును గాని, 6బి సెక్షను ప్రకారము ముందు నోటీసిచ్చి యజమాని మాట వినవలయును. తనకును, తన యేజెంటునకును, బండి నడపువానికిని తెలియకయే యా సరకు పోయినదనియు, తగిన జాగ్రత్త లన్నియుఁ దీసికొంటిమనియు నతఁడు రుజువు చేసినచో జప్తు చెల్లదు. బాడుగకుఁ దిరుగు లారీ యయినచో, జప్తునకు బదులు జుర్మానా చెల్లించు నవకాశ మీయవలయును. ఆ జుర్మానా పట్టుకొన్ననాఁటి సరకు విలువను మించరాదు. లారీ విలువతోఁ బనిలేదు.

మనవారిలో నెందఱో యివి యడుగుటకు జంకుదురు. ఎన్నికల బాడుగ కెన్నిమాఱులు కచ్చేరిమెట్లు ఎక్కవలసివచ్చునో ట్రాక్టరుగల రైతుల నడిగినఁ జెప్పుదురు. 167వ సెక్షను ప్రకారము ఎన్నికల రిక్విజిషను ఉత్తరువును ధిక్కరించువానికి ఏఁడాదివఱకు ఖైదు విధింపవచ్చును. ఆ మాట చెప్పి బెదరించుట కద్దు. అసలు ఉత్తరువే చేతి కీయనిచోట ధిక్కార మెక్కడిది? ఇఁకమీఁద నే జిల్లాలోనైనను వాహనమును దీసికొను నధికారి, సెక్షను, ప్రయోజనము, దినములు, దినమునకుఁ బాడుగ, తిరిగి యప్పగించు తేది వ్రాసి సంతకము చేసిన కాగితమును యజమాని చేతఁ బెట్టిన పిదపనే తాళపుచెవి నడుగవలయునని ప్రభుత్వము వా రుత్తరువు చేయుదురుగాక.