రైలు విడిచిన గట్టు మీద సైకిలు

ఇటలీలో గైడుతో సైకిల్ టూర్ అంటే చాలామందికి గుర్తొచ్చేవి ద్రాక్షతోటలు, నీలి సముద్రం, సాయంత్రం వైను గ్లాసు. అవన్నీ ఉంటాయి, కాదనను. నా ధ్యాస మాత్రం చక్రాల కిందున్న దారి మీదే. దాన్ని ఎవరు వేశారు, ఎందుకు వేశారు అని ఆరా తీస్తే సైకిలు పేరు చాలా తక్కువసార్లు వినబడుతుంది. రైళ్ల కోసం, మంచినీళ్ల కోసం, ఎడ్లబండ్ల కోసం వేసిన బాటలవి. సైకిలు తర్వాత వచ్చి అద్దెకు దిగింది.

మీకు తెలుసా?

సముద్రపు ఒడ్డున పేరున్న సైకిల్ దారులు ఒకప్పటి రైలుమార్గాలు

ఫ్రాన్సు సరిహద్దుకు దగ్గర్లో, లిగూరియా తీరాన, సముద్రాన్ని ఒరుసుకుంటూ సింగిల్ లైను రైలు నడిచేది. 2001లో ఆ భాగాన్ని కొండల లోపలికి, సొరంగాల్లోకి జరిపేశారు. ఒడ్డున మిగిలిన గట్టు సాన్ లొరెంజో అల్ మారె నుంచి ఒస్పెదలెత్తి దాకా దాదాపు 24 కిలోమీటర్ల సైకిల్ దారి అయింది. రైలు నిటారు ఎక్కుడు ఎక్కలేదు కాబట్టి రైల్వే ఇంజనీర్లు ఎప్పుడూ చదునైన బాటే వెతుక్కున్నారు. ఆ పుణ్యం ఇప్పుడు మన మోకాళ్లకు దక్కుతోంది. దారి మధ్యలో వచ్చే సాన్‌రెమో, 1907 నుంచి జరుగుతున్న మిలాన్-సాన్‌రెమో పందెం ముగిసే ఊరు. పందెగాళ్లు దాదాపు 300 కిలోమీటర్లు ఒక్క రోజులో తొక్కి అక్కడికి చేరతారు. టూర్‌వాళ్లు అదే ఊళ్లో సైకిలు గోడకానించి తీరుబడిగా ఐస్‌క్రీం తింటారు.

తూర్పు తీరాన, అబ్రుజ్జోలోనూ ఇదే కథ. ఒర్తోనా, వాస్తో ఊళ్ల మధ్య పాత రైలు గట్టు మీద తొక్కుతుంటే సముద్రంలోకి చొచ్చుకుపోయిన చెక్క మంచెలు కనిపిస్తాయి. వాటిని ట్రబోక్కి అంటారు. పడవ ఎక్కే పని లేకుండా, మంచె మీద నిలబడే పెద్ద వలను నీళ్లలోకి దించి చేపలు పట్టడానికి కట్టుకున్నవి. ఇప్పుడు వాటిలో కొన్ని భోజనశాలలు.

సముద్రానికి దూరంగానూ ఇలాంటి దారి ఉంది. ఉంబ్రియా కొండల్లో స్పొలేతో నుంచి నోర్చా దాకా 51 కిలోమీటర్ల బుల్లి రైలు 1926 నుంచి 1968 వరకు నడిచింది. ఆ గట్టూ ఇప్పుడు సైకిళ్లదే. అందులో 19 సొరంగాలు. స్పొలేతో వైపున్న పెద్ద సొరంగం ఒక్కటే దాదాపు 2 కిలోమీటర్లు. బయట మిట్ట మధ్యాహ్నపు ఎండ కాస్తున్నా లోపల చలి, చీకటి, తడి. లైటు లేకుండా అందులోకి పోకూడదు.

మంచినీటి కాలువ వెంట కూడా సైకిలు నడుస్తుంది

ఇటలీ బూటు మడమ దగ్గరుండే పూల్యాది సున్నపురాతి నేల. పడిన వాన పడినట్టే రాతి సందుల్లోకి ఇంకిపోతుంది. నదులు అరుదు, శతాబ్దాల పాటు దాహమే. 1906లో పని మొదలుపెట్టి, కొండలకు అవతల కపొసేలె దగ్గర పుట్టే సేలె నది ఊటనీటిని మళ్లించి, 1915లో బారీ నగరానికి నీళ్లు తెచ్చారు. ఆ కాలువను కనిపెట్టుకుని ఉండే సిబ్బంది కోసం పక్కనే ఒక బాట వేశారు. ఇప్పుడు ఇత్రియా లోయలో ఆ బాట సైకిల్ దారి. నీళ్లు పల్లానికి వాటంతటవే పారాలి కనుక వాలు ఎక్కడా దూకుడుగా ఉండదు. రెండు పక్కలా ఓక్ చెట్లు, పేర్చిన రాతిగోడలు, ఆలివ్ తోటలు. సున్నం, మట్టి వాడకుండా రాయి మీద రాయి పేర్చి కట్టిన శంఖువు కప్పుల ఇళ్లూ, అంటే త్రుల్లి, ఈ ప్రాంతానివే. అల్బెరొబెల్లోలోని త్రుల్లిని యునెస్కో 1996లో వారసత్వ జాబితాలో చేర్చింది. ఇటలీకి మొదటిసారి వెళ్లేవాళ్లు ఎవరైనా అడిగితే టస్కనీ కన్నా ముందు పూల్యా పేరే చెబుతాను. ఎక్కుళ్లు తక్కువ, జనం తక్కువ.

తారు వేయొద్దని ఒక సైకిల్ పండగ పుట్టింది

టస్కనీలో, సియెనా చుట్టుపక్కల, తెల్లటి సున్నపురాతి కంకర పరిచిన పల్లె రోడ్లున్నాయి. వాటిని ‘స్త్రాదె బ్యాంకె’ అంటారు. తారు వేసుకుంటూ పోతే అవి మాయమైపోతాయని బెంగపడి, జాంకార్లో బ్రోచ్చి అనే సైకిలు ప్రేమికుడు 1997లో గయోలె ఇన్ క్యాంతి ఊళ్లో ‘లెరోయికా’ మొదలుపెట్టాడు. మొదటి ఏడు వచ్చింది 92 మంది. అందులో తొక్కాలంటే సైకిలు 1987కు ముందుదై ఉండాలి. గేరు మీటలు ఫ్రేము గొట్టం మీద ఉండాలి తప్ప హ్యాండిల్ మీద కాదు. పెడల్‌కు తోలు పట్టీ, ఒంటి మీద ఉన్ని చొక్కా. దారిలో ఆగే చోట్ల ప్లాస్టిక్ పొట్లాల్లోని జెల్ పెట్టరు. రొట్టె ముక్కలు, చిక్కుడు గింజలు, ఆకుకూర కలిపి ఉడికించిన రిబొల్లీతా పెడతారు, గ్లాసు వైను పోస్తారు.

సరదాగా మొదలైన ఆ పండగ వల్ల ఆ మట్టిరోడ్లకు గిరాకీ పెరిగింది. 2007లో వృత్తి పందెగాళ్ల కోసం అదే దుమ్ములో మరో పందెం పుట్టింది. నేటి స్త్రాదె బ్యాంకె పందెం అదే, సియెనా నడిబొడ్డు మైదానంలో ముగుస్తుంది. లెరోయికా పొడవాటి రూటు 209 కిలోమీటర్లు. దానికి శాశ్వతంగా బోర్డులు పెట్టారు కాబట్టి పండగ రోజే వెళ్లాలని లేదు, ఎప్పుడైనా తొక్కొచ్చు. కాకపోతే ఒక మాట: దిగుడులో ఆ వదులు కంకర మీద మలుపు మధ్య బ్రేకు పట్టారా, చక్రం జారుతుంది. మలుపు రాకముందే వేగం తగ్గించుకోవాలి.

ఇటలీ రోడ్లకు దారి చూపే బోర్డులు పెట్టినవాళ్లలో ముందున్నది సైకిలువాళ్లు

1894 నవంబరులో మిలాన్‌లో 57 మంది సైకిలిస్టులు ఒక క్లబ్బు పెట్టుకున్నారు. అదే నేటి టూరింగ్ క్లబ్ ఇటాలియానో. మలుపు ఎక్కడుంది, దిగుడు ఎంత నిటారు, ఊరు ఎటు అని చెప్పేవాళ్లు లేని రోజుల్లో వాళ్లే రోడ్ల పక్కన బోర్డులు నాటించారు. తర్వాత 1906 నుంచి 1914 వరకు దేశం మొత్తానికీ ముక్కలు ముక్కలుగా మ్యాపులు అచ్చువేశారు. కార్లవాళ్లు ఆ సుఖాన్ని తర్వాత అనుభవించారు.

హైదరాబాద్‌లో తొక్కే ‘బ్రెవే’ల మూలం రోమ్ రోడ్డు మీద ఉంది

1897 జూన్ 12న పన్నెండు మంది ఇటాలియన్లు రోమ్ నుంచి నేపుల్స్ దాకా సుమారు 230 కిలోమీటర్లు పొద్దుండగానే చేరాలని బయల్దేరారు. తొమ్మిది మంది చేరారు. ‘ఆడాక్స్’, అంటే సాహసులు, అన్న పేరు ఆ పరుగుతోనే వచ్చింది. తర్వాత ఫ్రెంచివాళ్లు దాన్ని అందిపుచ్చుకుని ప్రపంచమంతా పంచారు. గడువులోపు ముగించాల్సిన ఇలాంటి దూరపు తొక్కుడునే బ్రెవే అనీ, తొక్కేవాళ్లను ర్యాండొన్యూర్లు అనీ అంటారు. ఇవాళ హైదరాబాద్ ర్యాండొన్యూర్లు చీకటితో లేచి 200 కిలోమీటర్ల బ్రెవేను పదమూడున్నర గంటల్లో ముగించడానికి తొక్కుతున్నారంటే ఆ పన్నెండు మందికి దూరపు చుట్టాలే.

ఇటలీలో రోజుల తరబడి సాగే పెద్ద పందెం జీరో ద ఇటాలియాలో మగవాళ్లతో పాటు తొక్కిన ఆడమనిషి ఒక్కరే

ఆమె అల్ఫొన్సీనా స్త్రాదా. 1924లో పారితోషికం గొడవతో పెద్ద జట్లు రాకపోయేసరికి ఆమెకు దారి దొరికింది. పేరు చివర అచ్చు ఎగిరిపోయి ‘అల్ఫొన్సిన్’ అని జాబితాలోకి ఎక్కడంతో మగవాడేమో అనుకునేలా ఉండేది. లాక్విలా నుంచి పెరూజా వెళ్లే రోజున వానలో, బురదలో పడి హ్యాండిల్ విరిగింది. చీపురు కర్ర ముక్క కట్టుకుని తొక్కింది, గడువు దాటి చేరింది. నిబంధన ప్రకారం అక్కడితో ఆమె పందెం అయిపోవాలి. లెక్కలోకి రాకపోయినా తొక్కనిస్తామన్నారు నిర్వాహకులు. దారి పొడవునా జనం ఆమెను చూడటానికే వస్తుంటే పంపేయడానికి వాళ్లకు మనసెలా ఒప్పుతుంది? బయల్దేరిన 90 మందిలో మిలాన్ దాకా నిలిచింది 30 మంది. లెక్కలో లేని అల్ఫొన్సీనా కూడా వాళ్లతో పాటు చేరింది. మరుసటి ఏడాది మాత్రం రానివ్వలేదు. పని గడిచాక తలుపు వేయడం అక్కడా ఉంది.

ఫ్లోరెన్స్ నుంచి అస్సీసీకి ఒక చాంపియన్ ఫ్రేములో కాగితాలు దాచి తొక్కాడు

1938లో టూర్ ద ఫ్రాన్స్ గెలిచిన జీనో బార్తాలి, 1943, 44ల్లో జర్మన్ల పట్టులో ఉన్న ఇటలీలో ప్రాక్టీసు పేరుతో తిరిగేవాడు. యూదుల ప్రాణాలు కాపాడే దొంగ గుర్తింపు కాగితాలు సీటు కింది గొట్టంలో ఉండేవి. బతికి ఉన్నన్నాళ్లూ ఈ సంగతి చాటుకోలేదు. 2000లో చనిపోయాడు. జెరూసలేంలోని యూదుల మారణహోమ స్మారక సంస్థ యాద్ వషెమ్ 2013లో అతణ్ని గౌరవించింది. ఇప్పుడు ఆ రెండు ఊళ్ల మధ్య తొక్కే టూర్లలో గైడ్లు ఈ కథ చెప్పకుండా వదలరు.

సైకిలిస్టులకు ప్రత్యేకంగా ఒక అమ్మవారున్నారు

కోమో సరస్సు పైన, కొండ మీద, మదొన్నా దెల్ గిసాల్లో గుడి. పోప్ పన్నెండో పయస్ 1949లో ఆమెను సైకిలిస్టుల రక్షకురాలిగా ప్రకటించారు. లోపల గోడల నిండా చాంపియన్ల సైకిళ్లు, జెర్సీలు వేలాడుతుంటాయి. గుడి దాకా ఎక్కుడు మాత్రం కఠినం.

టూర్‌లో తొక్కలేకపోయినా ఎవరూ ఏమీ అనరు

ముందు ఒక గైడు, వెనక మరొకరు, ఇంకా వెనక వ్యాను. సామాన్లన్నీ తర్వాతి హోటలుకు వ్యానులోనే వెళ్తాయి. కాళ్లు మొరాయిస్తే మీరూ అందులోనే. ఈ మధ్య మోటారు సాయం ఉన్న సైకిళ్లు వచ్చాక వ్యాను ఎక్కేవాళ్లు తగ్గారు. యూరప్ నిబంధన ప్రకారం గంటకు 25 కిలోమీటర్లు దాటగానే మోటారు ఆగిపోతుంది, ఆపైన మీ కాళ్లే. పెద్దవాళ్లకు హెల్మెట్ చట్టం అడగదు గానీ బెల్లు ఉండి తీరాలి. ఆగస్టు నడిమిలో వెళ్లకండి. ఎండ మండిపోతుంది, 15వ తేదీ పండగకు దేశమంతా బీచ్‌ల మీదే ఉంటుంది. ఏప్రిల్ నుంచి జూన్ మొదలు దాకా, లేదంటే సెప్టెంబరు మేలు.

శాకాహారులు అడగాల్సినవి రెండున్నాయి

అసలైన పర్మిజానో చీజ్‌ను దూడ పొట్టలోంచి తీసే రెన్నెట్‌తో విరిచి చేస్తారు. అద్రియాటిక్ తీరాన దొరికే పియదీనా రొట్టె చూడటానికి మన పుల్కాకు చుట్టంలా ఉంటుంది, పిండిలో పందికొవ్వు కలపడం పాత పద్ధతి. ఆలివ్ నూనెతో చేసిందీ దొరుకుతుంది, ముందే అడగాలి.

వెనిస్‌లో సైకిలు నడిపించుకుంటూ పోయినా జరిమానా

పాత నగరంలో తొక్కడమే కాదు, చేత్తో పట్టుకుని నడవడం కూడా నిషేధం. తొక్కాలనుంటే త్రొంకెత్తో రేవులో వాహనాలు ఎక్కించే పడవ పట్టుకుని లీడో దీవికి వెళ్లాలి. అక్కడి నుంచి ఇంకో పడవ దాటితే పెలెస్త్రీనా. సన్నటి దీవి, ఒక పక్క ఉప్పుకయ్య, మరో పక్క సముద్రపు గోడ, మధ్యలో చదునైన రోడ్డు.